మీ ఫాంటసీ కథకి ఒక ధ్యాన సంప్రదాయాన్ని కల్పించడం ఎలా?

తెలుగులో ఫాంటసీ రాస్తున్నవాళ్లు, ముఖ్యంగా మొదటి నవల మొదలుపెట్టినవాళ్లు, మళ్లీ మళ్లీ అడిగే ప్రశ్న ఒకటుంది. "నా కథలో ఒక ఆశ్రమం ఉంది. అక్కడ ధ్యానం నేర్పుతారు. ఎంత రాసినా మన యోగానికి పేర్లు మార్చినట్టే ఉంటోంది. ఏం చెయ్యాలి?"

శక్తుల దగ్గర మొదలుపెట్టకండి. గాల్లోకి లేవడం, మనసులు చదవడం, నిప్పు పుట్టించడం అన్నీ పక్కన పెట్టండి. ఆ సాధకులు పొద్దున్నే లేచి ఏం చేస్తారు, ఎక్కడ తప్పుతారు, తప్పారని ఎవరు ఎలా కనిపెడతారు, వాళ్లకి అన్నం ఎవరు పెడతారు అన్నవి ముందు తేల్చుకోండి. ఇవి తేలితే ఆ సంప్రదాయం కథలో తన కాళ్ల మీద తను నిలబడుతుంది. కింద చెప్పే ప్రతి మెట్టుకీ ఒకే ఉదాహరణని కొంచెం కొంచెంగా కట్టుకుంటూ వెళ్తాను. మీరు మీ లోకంతో అదే పని చెయ్యండి.

కావలసినవి

- ఒక నోట్‌బుక్. ఫోన్‌లో రాసుకున్నా పర్వాలేదు గానీ, కూర్చునే చోటునీ చుట్టూ ఉన్న నేలనీ బొమ్మ గీసుకోవాల్సి వస్తుంది. అందుకే కాగితం మేలు.
- మీ లోకంలో ఒక ఊరు. మొత్తం మ్యాప్ అక్కర్లేదు. ఆ ఊరి చుట్టూ ఎలాంటి నేల ఉంది, అక్కడ ఎండావానా ఎలా ఉంటాయి అన్నది తెలిస్తే చాలు.
- మీరు స్వయంగా కూర్చున్న అనుభవం. రోజుకి 15 నిమిషాల చొప్పున ఒక వారం, ఊపిరిని గమనిస్తూ ఊరికే కూర్చోండి. మోకాలు ఎప్పుడు లాగుతుంది, ఎన్నో నిమిషంలో టైం చూసుకోవాలనిపిస్తుంది, ఏ పాత గొడవ గుర్తొస్తుంది అన్నీ రాసుకోండి.
- నిజంగా ఉన్న రెండు సంప్రదాయాల గురించి కాస్త చదువు. ఒకటి మనకి దగ్గరిది, ఇంకోటి దూరపుది.
- మొహమాటపడకుండా చెప్పే ఇద్దరు పాఠకులు. వాళ్లలో ఒకరు ఫాంటసీ చదివే అలవాటు లేనివాళ్లయితే ఇంకా మంచిది.

రోజుకి ఒక గంట చొప్పున రెండు వారాల పని ఇది.

మొదలుపెట్టే ముందు ఒక జాగ్రత్త. కథ కోసం మీరు కల్పించే సాధనలో ఊపిరి బిగబట్టడం, ఉపవాసం, సూర్యుణ్ణి చూడటం లాంటివి ఉంటే వాటిని మీ మీద ప్రయోగించుకోకండి. ఊరికే కూర్చోవడం కూడా అందరికీ పడదు. తీవ్రమైన టెన్షన్, డిప్రెషన్, నిద్రలేమి ఉన్నవాళ్లలో ఎక్కువసేపు చేసే ధ్యానం కొన్నిసార్లు సమస్యని పెంచుతుంది. అలాంటి ఇబ్బంది ఉంటే ఆ వారం అభ్యాసం వదిలేసి, ధ్యానం చేసే వాళ్లెవరినైనా కూర్చోబెట్టి అడిగి రాసుకోండి. ఆ నోట్సుతో కూడా పని జరుగుతుంది.

1. నేలనీ, పనినీ ఎంచుకోండి

మనుషుల్ని గంటల తరబడి ఒకచోట కదలకుండా ఉంచే పని మీ లోకంలో ఏముంది? చేపల కోసం కాచుకోవడం, ఆవం కాలుతుంటే మంట చూస్తూ ఉండటం, పంటకి కాపలా, మగ్గం. మీ సంప్రదాయం అక్కడి నుంచి పుడితే దానికి వేళ్లు ఉంటాయి.

నిజమైన సంప్రదాయాల్లో ఇది కళ్లకి కనిపిస్తుంది. 4వ శతాబ్దంలో ఈజిప్టు ఎడారిలో బతికిన క్రైస్తవ సన్యాసులు తాటాకు జాతి ఆకులతో చాపలు, తాళ్లు అల్లుతూ ప్రార్థన చేసేవాళ్లు. చేతికి ఒకే పని మళ్లీ మళ్లీ, నోటికి ఒకే మాట మళ్లీ మళ్లీ. బౌద్ధ భిక్షువులు వానాకాలం మూడు నెలలూ ఒకేచోట ఉండిపోతారు. వానల్లో తిరుగుతూ పచ్చటి మొలకల్నీ చిన్న ప్రాణుల్నీ తొక్కేస్తున్నారని జనం తప్పుపట్టాకే బుద్ధుడు ఆ నియమం పెట్టాడని భిక్షువుల నియమాల గ్రంథం వినయ పిటకం చెబుతుంది. వాతావరణం నుంచి, పొరుగువాళ్ల ఫిర్యాదు నుంచి ఒక నియమం పుట్టిందన్నమాట. మీ లోకంలోనూ నియమాలు ఇలాగే పుట్టాలి.

మన ఉదాహరణకి నేను ఉప్పు మడులు తీసుకుంటున్నాను. శ్రీకాకుళం జిల్లా నౌపడ వైపో, చినగంజాం వైపో వెళ్లినవాళ్లకి ఆ దృశ్యం తెలుసు: చదునైన నేల, సన్నటి గట్లు, గట్ల మధ్య నిలిచిన నీళ్లు, కళ్లు చెదిరే తెలుపు. మన కల్పిత దేశం పేరు ఏడుమడుల పర్ర. అక్కడి సాధకులు తేటవాళ్లు. ఉప్పు కట్టేదాకా గట్టు మీద కూర్చుని కాచుకోవడమే వాళ్ల సాధన. ఎండాకాలం అంతా కలిసి ఉంటారు. వానలు పడి మడులు మునిగాక ఊళ్ల మీదకి వెళ్లిపోతారు. వానల్లో ఒకచోట చేరే బౌద్ధ పద్ధతికి ఇది పూర్తిగా తిరగబడింది. నేను కావాలని తిప్పలేదు, ఉప్పు పనే అలా తిప్పింది. మీ లోకంలోనూ ఇలాంటి మలుపు దానంతట అది వచ్చిందంటే దారి సరైనదే.

పని ఏదీ తట్టకపోతే వాతావరణం నుంచి మొదలుపెట్టండి. ఆర్నెల్లు చీకటిగా ఉండే చోట జనం ఆ చీకట్లో ఏం చేస్తారు? అది కూడా మంచి విత్తనమే.

2. మనసు దేని మీద నిలపాలో తేల్చండి

"మనసుని శూన్యం చేసుకో" అని మీ గురువు చెబుతున్నాడంటే ఇంకా ఏమీ తేలనట్టే. చూడటానికో, వినడానికో, తాకడానికో ఒక వస్తువు కావాలి.

5వ శతాబ్దంలో శ్రీలంకలో బుద్ధఘోషుడు రాసిన విశుద్ధిమగ్గలో 40 ధ్యాన విషయాలు ఉన్నాయి. అందులో మట్టి బిళ్లని చూస్తూ చేసే సాధన ఎలా వివరించాడో గమనించండి. బిళ్ల వెడల్పు ఒక జానా నాలుగు వేళ్లు. దానికి రెండున్నర మూరల దూరంలో కూర్చోవాలి. పీట కాళ్ల ఎత్తు కూడా జానా నాలుగు వేళ్లే. అంత పెద్ద ఆధ్యాత్మిక గ్రంథం పీట ఎత్తు చెబుతోంది! ఇలాంటి కొలతలు చూసినప్పుడే పాఠకుడికి ఇది ఎవరో నిజంగా చేసి చూసిన పని అనిపిస్తుంది.

కాబట్టి మీ నోట్‌బుక్‌లో ఇవి రాసుకోండి: దేన్ని చూడాలి, ఎంత దూరం నుంచి, కళ్లు తెరిచా మూసా, చేతులు ఎక్కడ, ఎంతసేపు, ఆ సమయాన్ని దేనితో కొలుస్తారు. చివరిది చాలామంది మర్చిపోతారు. జైనులు సామాయికం అనే ధ్యానానికి కూర్చునేది 48 నిమిషాలు, అంటే రెండు ఘడియలు. జెన్ బౌద్ధ మఠాల్లో ఒక అగరుబత్తి కాలేంతసేపు కూర్చునే పద్ధతి ఉంది. మీ లోకంలో గడియారం లేకపోతే ఏముందో చూడండి.

తేటవాళ్లు మడికి పడమటి గట్టున, నీళ్లకి ఒక బార దూరంలో కూర్చుంటారు. కళ్లు సగం మూసి నీటి అంచుని చూస్తారు, నడిమికి చూడరు, ఎందుకంటే అక్కడ ఎండ తళుకు కళ్లు పొడిచేస్తుంది. గట్టు మీద పాతిన కర్ర నీడ వాళ్ల మోకాలి నుంచి నీటి అంచుకి చేరేదాకా ఒక కూర్పు. కదలకూడదు, మాట్లాడకూడదు. వినాలి. గాలి, కొంగలు, దూరంగా పిల్లల కేకలు, ఏదొస్తే అది.

3. ఫలితాన్ని తనిఖీ చేసే పద్ధతి పెట్టండి

ఫాంటసీ మనకి ఇచ్చే పెద్ద వెసులుబాటు ఇక్కడుంది. మన లోకంలో ఒకరి మనసు కుదురుగా ఉందో లేదో బయటివాళ్లకి తెలీదు. మీ లోకంలో తెలిసేలా చెయ్యొచ్చు. దాంతో ఒక్కసారిగా కథ పుడుతుంది.

ఏడుమడుల పర్రలో ఉప్పు, గట్టున కూర్చున్నవాళ్ల మనసుని బట్టి కడుతుంది. మనసు కుదురుగా ఉంటే గాజులా తేటగా, చెదిరితే పాలలా తెల్లగా. దీనికి మన ప్రపంచంలోనే చిన్న ఆధారం ఉంది. ఉప్పునీరు నెమ్మదిగా ఇగిరితే పలుకులు పెద్దవిగా, తేటగా వస్తాయి. తొందరగా కడితే లోపల నీటి బొట్లు చిక్కుకుని మసకబారతాయి. నిజంలో ఉన్న ఇలాంటి ఒక గుణాన్ని పట్టుకుని రెండడుగులు ముందుకు సాగదీస్తే పాఠకుడు అడ్డు చెప్పడు.

సాయంత్రం గట్టుపెద్ద, అంటే తేటవాళ్ల గురువు, ఒక పలుకు తీసి దీపం ముందు పెడుతుంది. దానికి అవతల ఉన్న వత్తి కనిపిస్తే ఆ రోజు కూర్పు తేట. అంతే పరీక్ష.

మీకు ఇలా బయటికి కనిపించే గుర్తు వద్దనుకుంటే, నిజమైన మఠాల పద్ధతే వాడండి: గురువు ప్రశ్న అడుగుతాడు, శిష్యుడు చెప్పే జవాబుని బట్టి తేలుస్తాడు. అప్పుడు కథ అంతా గురువు నిజాయితీ మీద ఆధారపడుతుంది. అదీ మంచి కథే, కానీ రాయడం ఎక్కువ కష్టం.

4. తప్పులు ఎలా జరుగుతాయో రాయండి

అన్నిటికంటే ఎక్కువ సమయం దీనికి పెట్టండి. రెండు వారాల్లో కనీసం ఐదు రోజులు. ఒక సంప్రదాయం వయసు దాని విజయాల్లో కంటే అది పేరు పెట్టుకున్న వైఫల్యాల్లో తెలుస్తుంది. వందల మంది శిష్యుల్ని చూసిన గురువులే తప్పుల్ని విడివిడిగా గుర్తుపట్టగలరు.

పతంజలి యోగసూత్రాల మొదటి పాదంలోనే తొమ్మిది అడ్డంకులు చెప్పాడు. వ్యాధి, బద్ధకం, సంశయం ఉన్నాయి సరే. వాటితో పాటు ఒక స్థితి అందకపోవడం ఒక అడ్డంకి, అందింది నిలవకపోవడం వేరే అడ్డంకి. ఈ రెండిటినీ విడదీసి చెప్పాలంటే ఎంత గమనించి ఉండాలి! ఆ వెంటనే వీటితో పాటు వచ్చే శరీరం వణుకు, అదుపు తప్పిన ఊపిరి గురించీ చెప్పాడు. బౌద్ధులకి ఐదు నీవరణాలు, అంటే అడ్డంకులు, ఉన్నాయి: కోరిక, ద్వేషం, మత్తు, కలత, సందేహం.

ఈజిప్టు ఎడారిలో ఉన్న ఎవాగ్రియస్ అనే సన్యాసి వర్ణించిన మధ్యాహ్నపు విసుగు ఇంకా బావుంటుంది. పొద్దు కదలడం లేదనిపిస్తుంది. సన్యాసి మాటిమాటికీ కిటికీ వైపు చూస్తాడు, భోజనం వేళకి ఇంకా ఎంతుందో లెక్క వేస్తాడు, తోటి సన్యాసి ఎవరైనా వస్తున్నాడేమో అని తొంగి చూస్తాడు. ఆ తర్వాత ఈ చోటే మంచిది కాదు, ఇంకెక్కడికైనా పోతే సాధన సాగుతుంది అనిపిస్తుంది. 1600 ఏళ్ల కిందటి మాట ఇది. మీరు కూర్చున్న వారంలో రాసుకున్న నోట్స్ తీసి పక్కన పెట్టి చూడండి.

ఇప్పుడు మీ సంప్రదాయానికి కనీసం ఐదు తప్పులు రాయండి. ప్రతి దానికీ మూడు విషయాలు ఉండాలి: లోపల ఏమవుతుంది, బయటికి ఎలా కనిపిస్తుంది, గురువు ఏం చేస్తాడు. తేటవాళ్ల జాబితా ఇలా వచ్చింది.

పాలు కట్టడం: తేట ఉప్పు రావాలని కోరుకోవడం వల్ల వచ్చేది. కోరిక పుట్టిన చోట తెల్లటి మచ్చ లేస్తుంది. గురువు ఆ శిష్యుణ్ణి కొన్నాళ్లు వేరేవాళ్ల మడి దగ్గర కూర్చోబెడుతుంది. ఆ ఉప్పు లెక్క అతనికి రాదు కాబట్టి కోరిక సడలుతుంది.

ఇసుక పడటం: నిద్ర. పలుకులు సన్నగా, గరుకుగా వస్తాయి. శిష్యుణ్ణి లేపి గట్టు మీద నడిపిస్తారు. జెన్ మఠాల్లో కునికేవాళ్ల భుజం మీద కర్రతో తట్టే ఆచారం ఉంది. తేటవాళ్లు పాదం మీద ఉప్పునీళ్లు చల్లుతారు. కాలికి పుండు ఉంటే ఇది బాగా మండుతుంది, ఉప్పు మడుల్లో పనిచేసేవాళ్లకి పుళ్లు మామూలే.

దొంగ తేట: ఇది ప్రమాదకరం. మనసు కుదురుగా లేదు, మొద్దుబారింది. ఉప్పు తేటగానే వస్తుంది కానీ చేత్తో నొక్కితే పొడి అవుతుంది. బిడ్డ పోయినవాళ్లలో, యుద్ధం చూసినవాళ్లలో గట్టుపెద్దలు దీన్ని ఎక్కువగా చూశారు. వాళ్లని కూర్చోనివ్వరు. వంటింట్లో, నలుగురి మధ్య పని ఇస్తారు.

బొమ్మలు కనిపించడం: నీటి అంచున ముఖాలు, దీపాలు కనిపిస్తాయి. జెన్‌లో ఇలాంటి అనుభవాల్ని మక్యో అంటారు, వాటిని పట్టించుకోవద్దని చెబుతారు. మన కథల్లో మాత్రం వెలుగు కనిపించిందంటే సాధన ఫలించిందనే రాసేస్తుంటాం. మీ సంప్రదాయం ఏం చెబుతుందో నిర్ణయించుకోండి. తేటవాళ్లు "కళ్లు కడుక్కో" అంటారు.

ఐదోది కావాలనే ఖాళీగా ఉంచాను. ప్రతి సంప్రదాయంలోనూ ఇంకా పేరు పెట్టని తప్పు ఒకటి ఉంటుంది. మీ కథానాయిక చెయ్యబోయేది అదే అయితే, గురువుకి కూడా ఏం చెయ్యాలో తెలియని క్షణం మీకు దొరుకుతుంది.

5. ఫలానికి ఖరీదు కట్టండి

ఇప్పుడు శక్తుల వంతు. ఒక్కటే ఇవ్వండి. ఆ ఒక్కటీ సాధన చేసే పని నుంచే రావాలి.

తేట ఉప్పు పలుకుని నాలుక మీద పెట్టుకున్నవాళ్లకి, అది కట్టిన రోజు గట్టున కూర్చున్నవాళ్లు విన్న శబ్దాలన్నీ వినిపిస్తాయి. ఖరీదు ఏమిటంటే, కూర్చున్నవాళ్లు వాటిని మర్చిపోతారు. ఆ రోజు వాళ్ల కూతురు మొదటిసారి "అమ్మా" అంటే, ఆ మాట ఉప్పులో ఉంటుంది, వాళ్లలో ఉండదు.

ఇంతవరకు రాయగానే ప్రశ్నలు వాటంతట అవే వస్తాయి. న్యాయస్థానాల్లో ఈ ఉప్పు సాక్ష్యం అవుతుంది. రాజులు కొంటారు. గూఢచారులు గట్ల దగ్గర మాట్లాడరు. అప్పుల్లో ఉన్న కుటుంబం తమ బిడ్డని తేటవాళ్లకి అమ్మేస్తుంది. ఒక మంచి నియమం నుంచి కనీసం నాలుగు పరిణామాలు రావాలి. రెండే వస్తే నియమం మార్చి చూడండి.

సాధకులు శక్తిని ఎలా చూస్తారన్నదీ రాసుకోండి. పతంజలి యోగసూత్రాల విభూతి పాదంలో సిద్ధుల గురించి, అంటే ఇలాంటి శక్తుల గురించి, విస్తారంగా చెబుతూనే, అవి సమాధికి అడ్డంకులని కూడా చెప్పాడు. బౌద్ధంలో లేని సిద్ధి ఉందని తెలిసి అబద్ధం చెప్పిన భిక్షువుని సంఘం నుంచి బహిష్కరిస్తారు. హత్యకీ అదే శిక్ష. ఆ నియమం పుట్టిన సందర్భం వినయ పిటకంలో ఉంది: వజ్జి దేశంలో కరువు వచ్చింది, భిక్ష దొరకడం లేదు. కొందరు భిక్షువులు గృహస్థుల ముందు ఒకరి సిద్ధుల్ని ఒకరు పొగుడుకున్నారు. జనం తమ నోటి దగ్గరది తీసి వాళ్లకి పెట్టారు. ఆకలీ, అబద్ధం, శిక్ష మూడూ ఒకే ముడిలో ఉన్నాయి చూడండి. మీ సంప్రదాయంలో అబద్ధం ఎలా చెబుతారు? తేటవాళ్లలో అయితే బజార్లో పాత తేట ఉప్పు కొని తన మడిలో దొరికిందని చూపిస్తారు. పట్టుబడితే ఆ పలుకు అందరి ముందూ నాలుక మీద పెట్టుకోవాలి. ఎవరి రోజు దొంగిలించారో అందులో వినిపిస్తుంది.

6. అన్నం ఎవరు పెడతారు?

దీనికి రెండు పేజీలు రాసుకుంటే చాలు, కానీ మానెయ్యకండి. నాగార్జునకొండలో 3వ శతాబ్దపు మహాచైత్యానికి ఇక్ష్వాకు రాజవంశపు మహిళ చాంతిసిరి దానం ఇచ్చిందని శాసనాలు చెబుతున్నాయి. అమరావతి స్తూపానికి దానం చేసినవాళ్లలో ఒక చర్మకారుడి కుటుంబం కూడా ఉంది. ఇప్పటి 10 రోజుల విపస్సన శిబిరాల్లో ఫీజు ఉండదు, అంతకుముందు శిబిరం పూర్తిచేసినవాళ్ల విరాళాలతో నడుస్తాయి. డబ్బు ఎవరిదో మారితే సంప్రదాయం స్వభావం కూడా మారుతుంది.

విమర్శించేవాళ్లనీ ఇక్కడే చేర్చండి. 14వ శతాబ్దంలో గ్రీసులోని ఏథోస్ పర్వతం మీద కొందరు క్రైస్తవ సన్యాసులు తల వంచి, ఊపిరిని అదుపు చేస్తూ ఒకే ప్రార్థన జపించేవాళ్లు. బర్లామ్ అనే పండితుడు "వీళ్ల ఆత్మ బొడ్డులో ఉంది" అని ఎగతాళి చేశాడు. గ్రెగరీ పాలమాస్ వాళ్ల తరఫున వాదించాడు. గొడవ 1341లో కాన్‌స్టాంటినోపుల్ మతసభ దాకా వెళ్లింది, పాలమాస్ పక్షం నెగ్గింది. మీ లోకంలో తేటవాళ్లని చూసి మామూలు ఉప్పు కూలీలు ఏమనుకుంటారు? రోజంతా కూర్చున్నవాళ్లకి గౌరవం, రోజంతా ఉప్పు లాగినవాళ్లకి కూలి డబ్బులు. ఆ కోపం నిజమైంది. దానికి కథలో ఒక గొంతు ఇవ్వండి.

7. మూడు సీన్లు రాయండి

ఇప్పటిదాకా రాసుకున్న నోట్స్ పాఠకుడికి చూపించకండి. గురువు చేత ఉపన్యాసంగా చెప్పించకండి. ఈ మూడు సీన్లు రాయండి: కొత్తగా చేరినవాళ్ల మొదటి రోజు, మూడో ఏట ఒక చెడ్డ రోజు, గురువు పొరబడిన రోజు. రెండోది ముందు రాయండి, అదే అన్నిటికంటే సులువుగా వస్తుంది. నమూనాకి:

"నీటి అంచుని చూస్తోంది నీలి. సన్నటి పొర కట్టింది. ఈసారైనా తేటగా వస్తే బావుణ్ణు అనుకుంది. అనుకున్నానని వెంటనే తెలిసింది. తెలిసినందుకు కాస్త సంతోషం వేసింది. ఆ సంతోషం వేసిన చోటే పొర మీద తెల్లటి మచ్చ లేచింది.

'అవ్వా, మళ్లీ పాలు కట్టింది.'

గట్టుపెద్ద వంగి చూడలేదు. 'కాలి పుండుకి నూనె రాశావా?'

'లేదు.'

'పో, రాసుకుని రా.'"

ఇందులో సూక్తి లేదు. అయినా గురువు ఎలాంటిదో, సాధన ఎంత సున్నితమైందో, శరీరం పడే కష్టం ఏమిటో తెలుస్తున్నాయి.

ఎక్కువగా జరిగే పొరపాట్లు

గురువు ప్రతి మాటా సూక్తిలా ఉండటం. నిజంగా నేర్పేవాళ్లు ఎక్కువగా చిన్న విషయాలు చెబుతారు: నడుము నిటారుగా పెట్టు, రాత్రి తక్కువ తిను, చెప్పులు వరసలో పెట్టు. పది మాటల్లో తొమ్మిది ఇలాంటివే ఉండాలి. పదోది అప్పుడు బరువుగా పడుతుంది.

హీరో ఒక్క రాత్రిలో అన్నీ నేర్చేసుకోవడం. కథకి తొందర ఉంటే, అతను ముందే ఆ పని చేసే కుటుంబంలో పుట్టాడని పెట్టండి, లేదా సగమే వచ్చిందని, ఆ సగం వల్లే ప్రమాదం వచ్చిందని రాయండి.

అన్నీ సంస్కృత సమాసాలే పెట్టడం. 'మహాశూన్యచైతన్యవిద్య' అని రాస్తే పాఠకుడికి ఏ నేలా గుర్తురాదు. ఆ పని చేసే మనుషుల నోట్లో తిరిగే మాటలు తీసుకోండి.

బతికున్న సంప్రదాయాల మంత్రాలు, దీక్షలు యథాతథంగా దించేయడం. కొన్ని సాధనలు గురువు దగ్గర దీక్ష తీసుకున్నవాళ్లకే పరిమితం, వాళ్లకి అవి పవిత్రం. నిర్మాణం నేర్చుకోండి: సమయం ఎలా కొలుస్తారు, తప్పుల్ని ఎలా విడదీస్తారు, అబద్ధాన్ని ఎలా పట్టుకుంటారు. మంత్రాన్ని వాళ్ల దగ్గరే వదిలెయ్యండి.

శిష్యులందరూ ఒకేలా ఉండటం. ఒకరికి పదేళ్లయినా రాకపోవడం, అయినా వెళ్లిపోకుండా ఉండిపోవడం చాలా విలువైన పాత్ర. అలాంటి ఒకరిని తప్పకుండా పెట్టండి.

సరిగ్గా వచ్చిందో లేదో ఎలా చూసుకోవాలి?

పేరు మార్చే పరీక్ష: మీ చాప్టర్లో సంప్రదాయం పేరు తీసేసి 'యోగం' అనో 'విపస్సన' అనో పెట్టి చదవండి. ఏ వాక్యమూ విరగకపోతే మీరు పేర్లే మార్చారు. ఒకటో మెట్టుకి వెనక్కి వెళ్లండి. తేటవాళ్ల విషయంలో ఉప్పు, కర్ర నీడ, మరపు అన్నీ వెంటనే అడ్డం పడతాయి.

కూర్చోబెట్టే పరీక్ష: రెండో మెట్టులో రాసిన సూచనలు ఒక స్నేహితుడికి చదివి వినిపించి, పది నిమిషాలు కూర్చోమనండి. మడి బదులు పళ్లెంలో నీళ్లు చాలు, నీడలో. లేచాక "ఇంకేం చెయ్యాలో తెలీలేదు" అని ఎక్కడన్నాడో అక్కడ మీ సూచన అస్పష్టంగా ఉంది.

వంటమనిషి పరీక్ష: ఆ ఆశ్రమంలో వంట చేసే మనిషి సాధకుల గురించి ఒక పేజీ మాట్లాడినట్టు రాయండి. ఎవరు ఎక్కువ తింటారు, ఎవరు గిన్నె కడగరు, ఎవరు రాత్రి ఏడుస్తారు. రాయలేకపోతే ఆరో మెట్టు ఇంకా పూర్తి కాలేదు.

తీసేసే పరీక్ష: కథలోంచి సంప్రదాయాన్ని మొత్తం తీసేస్తే కథ నడుస్తుందా? నడిస్తే అది అలంకారం. అలంకారంగానే ఉంచాలనుకుంటే రెండు పేరాలకి కుదించండి, దానికోసం ఒక చాప్టర్ ఖర్చుపెట్టకండి.

ఈ నాలుగూ దాటాక మీ ఇద్దరు పాఠకులకి మూడు సీన్లే ఇవ్వండి, నోట్స్ ఇవ్వకండి. "బావుందా?" అని అడగొద్దు. "ఈ సాధనలో చెయ్యకూడని తప్పు ఏమిటి?" అని అడగండి. ఇద్దరూ దాదాపు ఒకే జవాబు చెబితే పని అయింది. వేరువేరుగా చెబితే రెండో సీన్‌లో ఆ తప్పు జరిగే క్షణాన్ని ఇంకో నాలుగు వాక్యాలు నెమ్మదిగా రాసి, వాళ్లిద్దరికీ కాకుండా కొత్తగా ఇంకొకరికి చూపించండి.